పగటికి నీడ, రాత్రికి ఆకాశం



కొన్ని నెలలుగా ఈ శీర్షికలో పిల్లల చదువు గురించి, వృద్ధులైన తల్లిదండ్రుల సేవ గురించి ముచ్చటించుకుంటున్నాం. ఈ నెల ఇంటి వాకిలి గురించి వ్రాయదలచాను. మదర్సాలో పాఠాలు చెప్పుకునేవాడికి మేస్త్రీ పనితో ఏమి సంబంధం అని కొందరు నవ్వుకోవచ్చు. మా ఇంట్లో కూడా నవ్వారు. అయితే మా ఇంట ఒక చదువు ఆగిపోవడానికీ, ఒక వృద్ధురాలు గది నాలుగు గోడలకు పరిమితం కావడానికీ వాకిలిలోని వేడే కారణమని తెలుసుకోవడానికి నాకు చాలా ఏళ్ళు పట్టింది. అందువల్ల ఈ విషయాన్ని చిన్నదిగా చూడలేకపోతున్నాను.

మా ఇల్లు కొత్తపేటలో ఉంది. గడ్డిఅన్నారం పండ్ల మార్కెట్టు ఇక్కడ ఉన్నంతకాలం వేసవి వచ్చిందంటే మా వీధి అంతా మామిడిపండ్ల వాసనే. 2021లో మార్కెట్టు బాటసింగారానికి తరలిపోయింది. ఇల్లు పడమటి ముఖం. ముందు పన్నెండడుగుల వెడల్పు, పద్దెనిమిదడుగుల పొడవు గల ఖాళీ స్థలం. అందరూ వాకిలి అంటారు, మా అమ్మీజాన్ మాత్రం సెహన్ అంటుంది. ఒక మూల వేపచెట్టు, చెట్టు చుట్టూ మట్టి, మిగిలిన చోట షాబాదు బండలు, గోడవారగా ఒక తఖ్తు. అస్ర్ నమాజు ముగిసిన తరువాత ఆ తఖ్తు మీద అమ్మీజాన్ కూర్చునేది. వీధిలోని ఆడపిల్లలు ఖాయిదాలు పట్టుకొని వచ్చేవారు. మగ్రిబ్ అజాన్ వరకు అక్షరాలు, ఆ తరువాతి మెట్టు పిల్లలకు నాజిరా. ఆమె ఏ మదర్సాలోనూ చదవలేదు, తన తండ్రి వద్ద నేర్చుకున్నదే ఆమె చదువు. ఒక్క పైసా తీసుకోకుండా సుమారు ముప్పై సంవత్సరాలు ఆ సెహన్‌లో పాఠం చెప్పింది. నేను జీతం తీసుకొని చెప్పిన పాఠాలకంటే ఆ పాఠాలే ఎక్కువ మందికి చేరి ఉంటాయని నా నమ్మకం.

2011లో మా పెద్దవాడు కారు కొన్నాడు. కారు నిలపడానికి చోటు కావాలి. పైగా వేపచెట్టు వేళ్ళు డ్రైనేజీ గొట్టంలోకి చొచ్చుకుపోయాయి. చెట్టు కొట్టించాం. మట్టిని కప్పేసి, బండలు పీకించి, ముదురు ఎరుపు రంగు నున్నటి టైల్స్ వేయించాం. వానకూ ఎండకూ అడ్డంగా ఉంటుందని పైన మొత్తం నీలిరంగు రేకు కప్పించాం. కాలనీలో అప్పటికే నాలుగిళ్ళవారు ఇలా చేయించుకున్నారు. చూడడానికి చక్కగానే ఉండేది. సొంత స్థలంలోని చెట్టు కొట్టాలన్నా అనుమతి అడగాలని 2002 నాటి నీరు, భూమి, చెట్ల చట్టం చెబుతున్నదని తరువాత తెలిసింది. మనం వాల్టా అంటామే, అదే. అప్పుడు మేము ఎవరినీ అడగలేదు. ఆ తప్పును ఇక్కడ దాచిపెట్టడం నాకు ఇష్టం లేదు.

ఆ ఏడు వేసవిలో పిల్లలు తగ్గారు. మరుసటి ఏడు ఇంకా తగ్గారు. మూడో వేసవికి పాఠం నిలిచిపోయింది. అమ్మీజాన్‌కు వయసు పైబడిందని, పిల్లలకు ట్యూషన్లు ఎక్కువయ్యాయని మేము సర్దిచెప్పుకున్నాం. ఆమె కూడా ఏమీ అనలేదు. గదిలో కిటికీ పక్కన కూర్చొని తస్బీహ్ చదువుకునేది. 2018లో రమజాన్ మే నెల నడిమిలో మొదలైంది. ఎన్నో ఏళ్ళుగా ఇఫ్తార్ దస్తర్‌ఖాన్ సెహన్‌లోనే పరచడం మా అలవాటు. ఆ నెల ఒక్క రోజు కూడా పరచలేకపోయాం. ఇషా నమాజు వేళకు సైతం టైల్స్ మీద ఉత్తి పాదం పెట్టలేని వేడి.

రెండేళ్ళ క్రితం మే నెలలో ఒక సాయంత్రం కరెంటు పోయింది. గదిలో ఉండలేక అమ్మీజాన్‌ను కుర్చీతో సహా వీధి అవతలి గోడ నీడకు చేర్చాం. అక్కడ ఒక కానుగచెట్టు ఉంది. కాసేపటికి వీధిలోని ఇద్దరు చిన్నపిల్లలు ఆమె చుట్టూ చేరారు. ఆమె వారికి అలిఫ్, బే అనిపించసాగింది. నేను ఆశ్చర్యపోయి, “అమ్మీ, ఇంక చెప్పలేనన్నావు కదా” అన్నాను. “నేనెప్పుడన్నాను బేటా? మీరే అన్నారు. నా గొంతు పోలేదు, నా సెహన్ పోయింది” అన్నది.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

మరునాడు నా పాత విద్యార్థి ఒకణ్ణి పిలిపించాను. మదర్సాలో నాజిరా పూర్తిచేసి, తరువాత ఐటీఐలో చదివి, ఇప్పుడు దిల్‌సుఖ్‌నగర్ ప్రాంతంలో ఏసీలు బిగించే పని చేస్తున్నాడు. వాడు రేకు కింద నిలబడి, “ఉస్తాద్, చేయి పైకెత్తండి” అన్నాడు. రేకుకు జానెడు కింద అరచేయి నిలిపాను. వెలుగుతున్న పొయ్యి ముందు చేయి పెట్టినట్లే ఉన్నది. ఎండ తగలకుండా రేకు ఆపుతున్నది నిజమే. అయితే ఆపిన ఎండనంతా తానే మింగి కాగిపోయి, కింద కూర్చున్నవారి నెత్తిన కుమ్మరిస్తున్నది. చెట్టు ఆకు అలా చేయదు, అది తనలోని నీటిని ఆవిరిగా వదులుతూ తాను చల్లగా ఉంటుంది. ఎండను ఆపేవి అన్నీ నీడలు కావని ఆ రోజు నాకు తెలిసింది.

వాడు చెప్పిన రెండో మాట ఇంకా ముఖ్యమైనది. పగలంతా నేల, గోడలు తాగిన వేడి రాత్రి నిర్మలమైన ఆకాశంలోకి వెళ్ళిపోవాలి. ఆరుబయట మంచం వేసుకొని పడుకున్నవారికి తెల్లవారుజామున దుప్పటి కావలసి రావడం మనకు తెలియనిది కాదు. ఆకాశం వైపు తెరిచి ఉన్న ప్రతి వస్తువూ తన వేడిని పైకి వదిలేస్తుంది. మా సెహన్‌కు ఆ దారి మూసివేశాం. పగలు వేడిని దింపే కప్పు, రాత్రి వేడిని పోనివ్వని మూత, రెండూ ఆ ఒక్క రేకే. వాకిలికి కావలసింది పగలు నీడ, రాత్రి ఆకాశం. మేము డబ్బు పోసి దానికి విరుద్ధమైనది కట్టుకున్నాం.

ఈ మాట వినగానే నాకు మదీనా గుర్తుకు వచ్చింది. ఉమ్రాకు, హజ్జుకు వెళ్ళివచ్చిన వారందరూ మస్జిదె నబవీ బయటి ప్రాంగణంలోని పెద్ద పెద్ద గొడుగులను చూసే ఉంటారు. అవి 250 ఉన్నాయి. ఉదయం విచ్చుకుంటాయి, సాయంత్రం ముడుచుకుంటాయి. ముడుచుకోవడం అందం కోసమే అనుకునేవాణ్ణి. పగలు నీడనిచ్చి, రాత్రి ఆకాశానికి దారి విడవడం అందులోని రహస్యం. స్తంభాలకు అమర్చిన పంకాలు సన్నటి నీటి తుంపరను చిమ్ముతాయి. అక్కడి గాలి పొడిగా ఉంటుంది కనుక ఆ తుంపర క్షణంలో ఆవిరై గాలిని చల్లబరుస్తుంది. యాభై ఎకరాల భూమి ఉన్నవాడికైనా, పన్నెండడుగుల వాకిలి ఉన్నవాడికైనా సూత్రం ఒక్కటే.

కనుక మొదట రేకులు దింపించాం. పాత ఇనుము కొనేవాడు ఇచ్చిన డబ్బు కొత్త వలకు సరిపోయింది. నర్సరీలవారు కట్టే పచ్చ వల దిల్‌సుఖ్‌నగర్‌లోనే దొరుకుతుంది. అందులో నూటికి 50 వంతుల ఎండను ఆపేది, 75 వంతులు ఆపేది, 90 వంతులు ఆపేది అని రకాలు. ఎక్కువైతే మంచిదేనని 90 తెచ్చుకోవాలనిపిస్తుంది. అది ఎండతోపాటు గాలిని కూడా ఆపుతుంది. మనుషులు కూర్చునే చోటికి 75 సరిపోయిందని నా అనుభవం. వల ఎంత ఎత్తున ఉంటే అంత మేలు. తలకు తగిలేలా కడితే వేడి గాలి దాని కిందనే నిలిచిపోతుంది.

మొదటిసారి వలను నాలుగు వైపులా తాళ్ళతో బిగించి కట్టాం. మే నెల గాలివాన సంగతి మీకు తెలియనిది కాదు. ఒక సాయంత్రం అది లేచిపోయి ఎదురింటి డాబా మీద పడింది. అల్లాహ్ దయవల్ల కరెంటు తీగల మీద పడలేదు. తరువాత మా విద్యార్థి రెండు ఉక్కు తీగలు లాగి, వలకు ఇనుప రింగులు కుట్టించి, కిటికీ పరదాలాగా జరిగేటట్లు చేశాడు. పొద్దున ఎనిమిదింటికి లాగుతాం, ఎండ పోయాక మడిచేస్తాం, మబ్బు కమ్మినా మడిచేస్తాం. ఈ పని మా చిన్న మనవరాలిది. మదీనా గొడుగు మా ఇంట్లో ఈ రూపంలో ఉంది. మా పెద్దవాడి కారు ఇప్పుడు వీధి చివర ఖాళీ స్థలంలో ఉంటుంది. దాని మీద మా ఇంట్లో రెండు వారాలపాటు మాటలు లేవు. ఆ వివరాలు ఇక్కడ అనవసరం.

నెత్తిన నీడ ఏర్పడింది కాని అస్ర్ తరువాత కూర్చుంటే ఎండ ఏటవాలుగా ముఖం మీదే పడుతున్నది. ఇక్కడ సూర్యుని నడక కొంచెం తెలుసుకోవాలి. మన హైదరాబాదు భూమధ్యరేఖకు 17 డిగ్రీల పైచిలుకు ఉత్తరాన ఉంది. సూర్యుడు ఏడాదికి రెండుసార్లు, మే 10 ప్రాంతంలో ఒకసారి, ఆగస్టు 3 ప్రాంతంలో మరోసారి, సరిగ్గా మన నడినెత్తికి వస్తాడు. అందుకే మే నెల మధ్యాహ్నం గోడకు నీడే ఉండదు. అప్పుడు పైకప్పు నీడ ఒక్కటే దిక్కు. సాయంత్రానికి మాత్రం పైకప్పు పనికిరాదు, పడమట నిలువు తెర కావాలి. మరొక సంగతి. ఈ రోజుల్లో సూర్యుడు సరిగ్గా పడమట అస్తమించడు, కొంత ఉత్తరంగా జరిగి అస్తమిస్తాడు. ఉత్తర ముఖం ఇళ్ళవారు తమ వాకిలికి ఎండ రాదనుకుంటారు. మే, జూన్ సాయంత్రాల్లో పక్కవాటుగా రానే వస్తుంది. తెర కట్టే ముందు ఒక సాయంత్రం అయిదు గంటలకు వాకిట్లో నిలబడి, ఎండ ఎక్కడి నుండి వస్తున్నదో చూసుకోండి. ఇందుకు పైసా ఖర్చు లేదు.

మేము పడమటి వైపు వెదురు తడిక నిలిపి దాని మీదికి దొండపాదు, దాని పక్కనే రాధామనోహరం తీగ ఎక్కించాం. దొండ ఆ వేసవిలోనే తడికను కప్పింది. రాధామనోహరం రెండో ఏటికి అందుకున్నది. తీగ ఎదిగేదాకా ఏప్రిల్, మే నెలల్లో తడికకు వట్టివేళ్ళ చాప తగిలించి నీళ్ళు చిలకరించేవాళ్ళం. పడమటి గాలి అందులోంచి దూరి చల్లగా, సువాసనతో వచ్చేది. పాత రోజుల్లో కచేరీల కిటికీలకు ఇవే కట్టేవారు. కాని ఒక హెచ్చరిక. గాలి పొడిగా ఉన్నప్పుడే తడి చాప పనిచేస్తుంది. మిరుగు వచ్చి వానలు పడి గాలిలో తేమ నిండిన తరువాత ఎంత తడిపినా ఉక్కపోత పెరుగుతుందే తప్ప చల్లబడదు. కూలర్ల సంగతి కూడా అంతే. జూన్‌లో కూలర్ చెడిపోయిందని మెకానిక్కును పిలిచేవారు చాలామంది ఉంటారట. చెడిపోయింది కూలర్ కాదని మా వాడు చెప్పి నవ్వాడు.

ఇక నేల. నున్నటి టైల్ నీటిని తాగదు. బకెట్టు నీళ్ళు పోస్తే కాలువలోకి జారిపోతాయి. మట్టి, గరుకు షాబాదు బండ నీటిని కాస్త పట్టుకొని మెల్లగా ఆవిరి చేస్తాయి. ఒక లీటరు నీరు పూర్తిగా ఆవిరి కావడానికి సుమారు 2400 కిలోజౌళ్ళ వేడి కావాలి. కరెంటు లెక్కలో అది యూనిట్టులో మూడింట రెండు వంతులు. ఆ వేడిని నీరు నేల నుండి, గాలి నుండి తీసుకుంటుంది. మన నానమ్మలు అస్ర్ తరువాత సెహన్‌లో నీళ్ళు చిలకరించినది దుమ్ము అణచడానికి మాత్రమే కాదు. మేము టైల్స్ పీకించి మళ్ళీ షాబాదు బండలే పరిపించాం. ఈసారి సిమెంటుతో అతికించలేదు, రెండు బండల నడుమ రెండు వేళ్ళ సందు విడిచి మట్టి నింపాం. వాననీరు కూడా లోపలికి ఇంకుతున్నది.

నీళ్ళ విషయంలో ఒక మాట చెప్పక తప్పదు. వేసవిలో మా వీధికి ట్యాంకరు వస్తే గాని గడవని రోజులుంటాయి. దైవప్రవక్త (సల్లల్లాహు అలైహి వసల్లం) చాలా కొద్ది నీటితో వుజూ ముగించేవారని హదీసు గ్రంథాల్లో చదివాం, పిల్లలకు చెబుతున్నాం. అలాంటివారి సమాజంలో గొట్టం పట్టుకొని అరగంటసేపు వాకిలి కడగడం తగదు. మిట్టమధ్యాహ్నం చల్లితే ఆ నీరు వృథా, క్షణంలో ఆరిపోయి నేల మళ్ళీ కాగుతుంది. ఎండ నేలను విడిచిన తరువాత ఒక చెంబు, ఒక బకెట్టు, చేత్తో చిలకరించడం. మా సెహన్‌కు బకెట్టున్నర సరిపోతున్నది. వుజూ చేసిన నీరు ఒక కాలువ ద్వారా దొండపాదుకు, కొత్త వేపమొక్కకు పోయేలా చేశాం. తీగకు వేరే నీరు పోయడం లేదు.

మా చిన్నవాడికి మరొక ఆలోచన వచ్చింది. మక్కాలో తవాఫ్ చేసే చోట మండే ఎండలో కూడా పాలరాయి కాలదు కదా, మన వాకిట్లో తెల్ల టైల్స్ వేద్దాం అన్నాడు. ఆ రాళ్ళ కింద చల్లటి నీటి గొట్టాలు ఉన్నాయని చాలామంది చెప్పుకుంటారు. అది నిజం కాదు. అది గ్రీసు దేశంలోని థాసోస్ ద్వీపం నుండి తెప్పించిన తెల్లని రాయి, ఎండను చాలావరకు తిప్పికొడుతుంది. అక్కడ లక్షలమంది ఉత్తి పాదాలతో నడుస్తారు, వారి పాదం కాలకుండా ఉండాలి, అందుకు అదే సరియైనది. చిన్న వాకిట్లో కూర్చునేవారి సంగతి వేరు. నేల తిప్పికొట్టిన వెలుగు ఎక్కడికో పోవాలి, అది మన కళ్ళలోకి, ముఖంలోకి, ఇంటి గోడకు పోతుంది. తెలుపు నేలకు కాదు, డాబాకు కావాలి. అక్కడ తిప్పికొట్టిన ఎండ తిన్నగా ఆకాశంలోకి పోతుంది.

డాబా తెల్లబరచడం ఈనాడు ప్రభుత్వ విధానం కూడా. 2017లో హైదరాబాదు దేవరకొండ బస్తీలో 25 పేదల ఇళ్ళ కప్పుల మీద తెల్లని పొర పరచి చూశారు. అలాంటివే అయిన ఇతర ఇళ్ళకంటే లోపల సగటున 2 డిగ్రీల వేడి తగ్గింది. 2023 ఏప్రిల్‌లో తెలంగాణ ప్రభుత్వం శీతల కప్పుల విధానం ప్రకటించింది. 2028 నాటికి రాష్ట్రంలో 300 చదరపు కిలోమీటర్ల కప్పులు, అందులో 200 హైదరాబాదులోనే, చల్లబరచాలని లక్ష్యం పెట్టుకున్నది. అంగట్లో దొరికే కూల్ పెయింటు మంచిదే, ఎక్కువ కాలం నిలుస్తుంది. స్తోమత లేనివారు సున్నంలో జిగురు కలిపి రెండు చేతులు పూసుకోవచ్చు, ప్రతి మార్చిలో మళ్ళీ పూయాలి. దీనివల్ల వాకిలికి కూడా లాభమే. సాయంత్రం సెహన్ వైపు గోడ ముందటిలాగా వేడి కక్కడం లేదు.

ఇప్పుడు చెప్పబోయేది నాకు సిగ్గు కలిగించే విషయం. మా పెద్దవాడి గదికి ఏసీ పెట్టించినప్పుడు బయటి యంత్రాన్ని వెనక సందు గోడకు బిగించారు. మా ఇంటికి వేడి రాదు, చప్పుడు రాదు. ఆ సందు అవతల ఒక అవ్వ ఉంటుంది. ఆమె ఒక్కటే గదిలో అద్దెకుంటూ, ఆ గది ముందున్న నాలుగడుగుల అరుగు మీద కూర్చొని మల్లెమాలలు కట్టి అమ్ముకుంటుంది. మా విద్యార్థి రేకు చూసిన రోజే వెనక్కి వెళ్ళి వచ్చి, “ఉస్తాద్, ఒకసారి ఇటు రండి” అన్నాడు. ఆ యంత్రం ముందు నిలబడ్డాను. గదిలోని వేడిని, దానికితోడు తాను వాడుకున్న కరెంటు వేడిని కూడా కలిపి అది నేరుగా ఆ అరుగు మీదికి ఊదుతున్నది. ఆమె తడిగుడ్డ కప్పిన పూలబుట్టను గోడ చాటుకు జరుపుకొని కూర్చుని ఉంది. ఏళ్ళ తరబడి ఆమె ఒక్క మాట అనలేదు. పొరుగువారి హక్కు గురించి జిబ్రీల్ (అలైహిస్సలాం) ఎంతగా తాకీదు చేశారో, పొరుగువాడు వారసుడవుతాడేమో అనిపించేంతగా చేశారని, ఆ హదీసును నేను ఎన్ని జుమాలలో వినిపించానో లెక్కలేదు. యంత్రాన్ని డాబా మీదికి మార్పించాం. రాగి గొట్టం పొడవు పెరిగి ఖర్చు ఎక్కువైంది. అవ్వ వద్దకు వెళ్ళి క్షమాపణ అడిగితే, “గాలి ఎటో ఒకటు పోవాల్నాయె బిడ్డా” అన్నది. మీ ఇంటి ఏసీ వెనక ఎవరున్నారో నేడే వెళ్ళి చూడవలసిందిగా నా మనవి.

వీటన్నిటి వల్ల వాకిలి వేసవి మధ్యాహ్నం కూర్చునే చోటు అవుతుందని ఎవరూ భ్రమపడకూడదు. మన నగరంలో 1966 జూన్ 2న 45.5 డిగ్రీలు నమోదయింది. 2015 వేసవిలో దేశంలో రెండు వేలకు పైగా ప్రాణాలు వడదెబ్బకు పోయాయి, అందులో ఎక్కువ మంది మన రెండు తెలుగు రాష్ట్రాల వారే. ఎండ తీవ్రమైతే జుహర్ నమాజునే చల్లబడేవరకు ఆలస్యం చేయమని ప్రవక్తవారు చెప్పారంటే, మిగిలిన పనుల సంగతి చెప్పనక్కరలేదు. పన్నెండు నుండి నాలుగు వరకు వృద్ధులు, పసిపిల్లలు లోపలే ఉండాలి. గాలి వేడి 40 డిగ్రీలు దాటినప్పుడు పంకా చల్లబరచదు, వేడి గాలిని ఒంటికి కొడుతుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ హెచ్చరిస్తున్నది. అప్పుడు తడిగుడ్డతో ఒళ్ళు తుడవాలి, దాహం వేయకపోయినా నీళ్ళు ఇస్తుండాలి. పెద్దవారు మాట తడబడినా, పొంతన లేకుండా మాట్లాడినా, ఒళ్ళు కాలిపోతున్నా అలసట అనుకోకండి. నీడకు చేర్చి ఒంటి మీద నీళ్ళు పోస్తూ 108కు ఫోను చేయండి.

కొందరు పాఠకులు కుండీల సంగతి అడుగుతారని నాకు తెలుసు. ఇరవై కుండీలు కంటికి చల్లదనం ఇస్తాయి, ఒంటికి అంతగా ఇవ్వవు. ఆ డబ్బుతో ఒక తీగ, ఒక చెట్టు మేలు. మూడడుగుల స్థలం కూడా లేని అపార్టుమెంటువారు బాల్కనీ పడమటి వైపు వెదురు చిక్కు తెర బయటివైపు కట్టుకోవాలి. లోపలివైపు పరదా వేస్తే వేడి అప్పటికే లోపలికి వచ్చేసి ఉంటుంది.

పోయిన వేసవి నుండి అమ్మీజాన్ మళ్ళీ తఖ్తు మీద కూర్చుంటున్నది. ఆమెకు ఇప్పుడు 81. మొదటి వారం ఇద్దరు పిల్లలు వచ్చారు, వీధి అవతల కానుగచెట్టు కింద కూర్చున్నవారే. ఇప్పుడు ఏడుగురు. ఒకప్పుడు ఇరవై మందికి పైగా ఉండేవారు, అంతమంది మళ్ళీ వస్తారని నేననుకోవడం లేదు. మధ్యలో పోయిన ఏళ్ళలో ఆ వయసు దాటిపోయిన పిల్లలు ఉన్నారు. వారిలో ఒకామె మొన్న తన కూతుర్ని తీసుకువచ్చి, తాను ఆమ్మ పారా సగంలోనే ఆపేశానని, కూతురితోపాటు తాను కూడా కూర్చోవచ్చునా అని అడిగింది. అమ్మీజాన్ జరిగి చోటిచ్చింది.

సగం ఒళ్ళు ఎండలో, సగం నీడలో ఉండేలా కూర్చోవద్దని హదీసులో ఉంది. పిల్లల మీదికి ఎండ జరిగినప్పుడల్లా అమ్మీజాన్ పాఠం ఆపి అందరినీ లేపి చాప జరిపిస్తుంది. తడికలో ఒకచోట తీగ పలచగా ఉంది, అక్కడి నుండి ఆరు గంటలకు ఎండ ముక్క ఒకటి వస్తుంది. అక్కడ ఇంకో దొండపాదు పెట్టాలి. మూలన నాటిన వేపమొక్క నా నడుము దాకా వచ్చింది. వల తీగకు పడమటి కొక్కెం తుప్పు పట్టింది, మిరుగు గాలులు రాకముందే మార్చాలని మా విద్యార్థి చెప్పి వెళ్ళాడు. ఈ ఆదివారం వస్తానన్నాడు.